వడ్డీ చాపలు

పుష్పమ్మకు వడ్డీ చాప అంటే భయమూ భక్తీ రెండూనూ. సంతకు పోయే చాపకు ఏ తుంగైనా ఫరవాలేదు. పొట్టిదీ, మచ్చపడ్డదీ, అన్నీ అందులో కలిసిపోతాయి. ఏలూరులో శ్రీరాములు శెట్టిగారికి అప్పుకు వడ్డీ కింద నెలకు రెండు చొప్పున ఇచ్చే చాపలకు మాత్రం అలా కుదరదు. నిలువెత్తు తుంగ ఏరి విడిగా కట్ట కట్టాలి. ముందురోజే నీళ్ళలో నానెయ్యాలి. నేసేటప్పుడు వరసకు రెండు దెబ్బలు చాలినా మూడు వెయ్యాలి. అంచుకు ఎర్ర రంగు. ఈ హంగులేవీ శెట్టిగారు అడిగిన పాపాన పోలేదు. కొల్లేటి లంకలో వాళ్ళుంటున్న ఇల్లు ఆయన దగ్గర తాకట్టులో ఉంది. ఆ చాపల మీదే ఇల్లు నిలబడి ఉందని అత్తా కోడళ్ళ నమ్మకం.

ఆ నమ్మకానికి వచ్చే నెలతో పన్నెండేళ్ళు నిండుతాయి.

మాఘమాసం. వాకిట్లో ఎండ ఇంకా పదునెక్కలేదు. నేలమీద బారుగా లాగి కట్టిన పడుగు తాళ్ళ మీద వరమ్మ కూర్చుని ఉంది. తాళ్ళన్నిటినీ బెజ్జాల్లోంచి దూర్చిన బరువైన పలక ఆమె చేతుల్లో. పక్కన అత్త పుష్పమ్మ. పొడుగాటి వెదురుపుల్ల కొనకు తుంగపోచ తగిలించి తాళ్ళ సందున అవతలికి తోయడం ఆమె పని. తోయగానే కోడలు పలకతో కొడుతుంది. ఇద్దరు మనుషులు లేందే చాప లేదు.

సగం నేత అయ్యాక పుల్ల పుష్పమ్మ చేతిలోంచి జారింది. "చెయ్యి తిమ్మిరెక్కిందే" అని నవ్వి మళ్ళీ తీసుకుంది. మళ్ళీ జారింది. ఆ వేళ్ళ కణుపులు వాచి, వేళ్ళు పక్కకు ఒరిగి చాన్నాళ్ళయింది. ఏళ్ళ తరబడి చన్నీళ్ళలో తడి తుంగ పట్టుకున్న వేళ్ళు. ఈ మధ్య అన్నం కూడా ముద్ద చేసుకోలేక చెంబులో గంజి పోయించుకుంటోంది. వరమ్మ పలక వదిలేసి అత్త చెయ్యి తన ఒళ్ళో పెట్టుకుని నిమిరింది.

సువర్ణ అప్పటిదాకా గడపమీద కూర్చుని రాతపలక మీద లెక్క చేసుకుంటోంది. పదేళ్ళ పిల్ల, నాలుగో క్లాసు. ఎవరూ పిలవలేదు, ఎవరూ చెప్పలేదు. రాతపలక గోడకు ఆనించి వచ్చి మామ్మ చోట్లో కూర్చుంది. పుల్ల అందుకుని ఒక పోచ తోసింది. సూటిగా వెళ్ళింది. ఇంకోటి తోసింది.

పుష్పమ్మ మొహం వెలిగిపోయింది. "చూశావటే, నా చెయ్యే వచ్చింది దీనికి."

వరమ్మ పలక ఎత్తినది ఎత్తినట్టే పిల్ల చేతులకేసి చూసింది. ప్రార్థన గుడి దగ్గర బడిగంట కొట్టారు. వెళ్ళమ్మా అని వరమ్మ అంటే, ఈ నాలుగు వరసలూ అయ్యాక వెళతానంది సువర్ణ. నాలుగు కాస్తా చాపంతా అయింది. బడి వదిలిపెట్టే వేళకు పిల్ల అరచేతులు ఎర్రగా కందిపోయి ఉన్నాయి. అమ్మకు సాయం చేశానని దానికి ఒకటే సంబరం.

సాయంత్రం వరమ్మ మొగుడు ఏసోబు దోనె కట్టేసి కబురుతో వచ్చాడు. శెట్టిగారి గుమస్తా జోగారావు మనిషిచేత చెప్పి పంపించాడట. గడువు నిండుతోంది గనుక కాయితం తిరగరాయాలి, వచ్చి వేలిముద్ర వెయ్యమన్నారు. పెళ్ళిళ్ళు ముమ్మరంగా ఉన్నాయి, కొట్లో చాపల అంచులు ఊడిపోతున్నాయి, వరమ్మ కూడా వచ్చి రెండు రోజులు బాగుచేస్తే కూలి ఇస్తారట. అంతేకాదు, కావాలంటే ఇంకో యాభై రూపాయలు పైన ఇస్తామన్నారట, ఇంటికి పెంకు వేయించుకోవడానికి.

ఆ చివరి మాట చెప్పేటప్పుడు ఏసోబు కూర్చోలేకపోయాడు. లంకలో ఇటుక పునాది ఉన్న ఇల్లు వాళ్ళదొక్కటే. ఆ ఇటుకలన్నీ తన దోనె మీద తానే తెచ్చానని కనబడిన ప్రతివాడికీ చెబుతాడు. వరదొస్తే లంక సగం వాళ్ళ అరుగు మీదే ఉంటుంది. దానికి పెంకు కూడా పడితే ఇక చెప్పేదేముంది! చూరు కింద నిలబడి తాటాకు కప్పును అప్పుడే ఊడబెరికేసినట్టు చూస్తున్నాడు.

"మళ్ళీ పన్నెండేళ్ళాండీ?" అంది వరమ్మ.

ఎన్నేళ్ళయితేనేం అన్నాడు. ఒక్క నెలైనా తప్పామా, ఒకళ్ళచేత మాటనిపించుకున్నామా అన్నాడు. అది నిజమే. పిల్ల పుట్టిన నెల కూడా తప్పలేదు.

"అత్తయ్యకు చెయ్యి లేవడంలేదు. పుల్ల ఎవరు తోస్తారు?"

"సువర్ణ ఉందిగా" అన్నాడు ఏసోబు, చూరు మీదనుంచి చూపు తిప్పకుండానే.

జూన్‌లో సువర్ణకు ఏలూరు మిషన్ బోర్డింగులో సీటు ఇప్పిస్తానని పంతులమ్మగారు చెప్పి వారం కాలేదు. ఆ మాట ఇద్దరికీ తెలుసు. ఇద్దరూ ఎత్తలేదు. వరమ్మ ఆ పూట అన్నం వండుతూ ఎసట్లో ఉప్పు రెండుసార్లు వేసింది.

మర్నాడు తెల్లారి రెండు వడ్డీ చాపలూ చుట్టి దోనెలో వేసుకుని బయలుదేరారు. కొల్లేరు తగ్గుముఖం పట్టింది. కాలవపాయ తప్పితే చాలాచోట్ల గడ అడుగున దిగబడుతోంది. ఏసోబు దారి పొడుగునా పెంకు గురించే మాట్లాడాడు. ఏ ఊరి పెంకు మంచిదో, దోనెకు ఎన్ని పడతాయో. వరమ్మ వింటోందో లేదో చూసుకోలేదు. ఒడ్డు చేరి, చేపల బండి మీద పెదపాడు మీదుగా ఏలూరు చేరేసరికి మధ్యాహ్నమైంది.

శెట్టిగారిది పెళ్ళి సామాను అద్దెకిచ్చే కొట్టు. గుండిగలు, గంగాళాలు, గ్యాసు దీపాలు, జంపఖానాలు ముందు గదుల్లో. వెనక దొడ్లో చాపల కొట్టు. ఇన్నేళ్ళలో వరమ్మ ఏలూరు రావడమే రెండోసారి. చాపలు ఎప్పుడూ ఏసోబే తెచ్చి వీధి అరుగు మీద దించి వెళ్ళిపోయేవాడు. దించినవి ఎక్కడికి పోతాయని వరమ్మ ఒక్కనాడూ అనుకోలేదు. అమ్ముకుంటారు కాబోలు అనుకుంది, అనుకుంటే.

జోగారావు కొట్టు తాళం తీశాడు. ఎండుతుంగ వాసన గుప్పుమంది. కింద నుంచి దూలం దాకా చాపలే. చుట్ట మీద చుట్ట. అన్నిటికీ ఎర్ర అంచు.

అన్నీ ఆమె నేసినవే.

దొడ్లో వేపచెట్టు కింద కూర్చుని వరమ్మ ఒక్కొక్కటీ విప్పి, తెగిన అంచులకు పురి తాడు కట్టడం మొదలుపెట్టింది. చాప మీద పసుపు మరకలు, గంధం, తాంబూలం తుంపర్లు. ఓ మూల చుట్ట నిప్పుకు కాలిన రంధ్రం. ప్రతి చాప కొసకూ నల్లసిరాతో శెట్టిగారి గుర్తు. అయినా తన చాప తనకు తెలియకపోదు. ఇదిగో, ఇక్కడ నాలుగు వరసలు వదులుగా ఉన్నాయి. అప్పుడే నెప్పులొచ్చాయి, సువర్ణ పుట్టింది. ఇది మావగారు పోయిన నెలది. దినమైనా కాకుండా అత్త కళ్ళు తుడుచుకుంటూ పుల్ల తోసింది. ఇది వరదల్లోది, అరుగు నిండా జనముంటే ఇంట్లో పడుగు లాగి నేశారు. చేతులు అంచులు కడుతున్నాయి గాని వరమ్మ మనసు అక్కడ లేదు.

జోగారావు కబుర్ల మనిషి. గుమ్మంలో గోనెమూట మీద కూర్చుని చాపల గొప్ప చెప్పుకొచ్చాడు. తాడేపల్లిగూడెం నుంచి అత్తిలి దాకా ఏ షావుకారింట్లో పెళ్ళయినా ఎర్రంచు చాపలే కావాలంటారట. రాత్రికి చాపకు అణా అద్దె.

"ముహూర్తాలు గట్టిగా పడ్డాయంటే ఒక్క మాఘంలోనే చాప తన ఖరీదు తను తెచ్చేసుకుంటుంది వరమ్మా. ఆ తర్వాత ఎన్నాళ్ళు మన్నితే అన్నాళ్ళూ శెట్టిగారికి మిగులే. నీ చాప పదేళ్ళయినా చెక్కు చెదరదు" అన్నాడు. మెచ్చుకోలుగానే అన్నాడు.

వరమ్మ దారం కొరికి ఇంకో చాప విప్పింది.

రెండో రోజు పవరుపేటలో ఎవరో షావుకారి కూతురి పెళ్ళి. బండ్లకు చాపలెత్తి తీసుకెళుతుంటే, దింపుళ్ళలో తెగినవేమైనా ఉంటే అక్కడే కట్టమని వరమ్మను కూడా రమ్మన్నారు. పందిరి వీధి ఈ కొసనుంచి ఆ కొసకు ఉంది. ఆమెను పందిరి బయట తడిక దగ్గర కూర్చోమన్నారు. చాపలు దింపి, ఒక్కొక్కదాని మీదా పసుపునీళ్ళు చల్లి, శుద్ధి అయ్యాక లోపలికి పట్టుకెళ్ళారు. తడుముకోకుండా చల్లారు, రోజూ చేసే పనిలాగే. వరమ్మ కూడా కొత్తగా బాధపడలేదు. తడిక సందులోంచి లోపలికి చూసింది.

పరుస్తున్నారు. ఒకదాని పక్కన ఒకటి, అంచుకు అంచు కలిపి. మొదటి రాట నుంచి పీటల దాకా, పీటల నుంచి వంటల పందిరి దాకా. మట్టి కనబడకుండా పరుస్తూనే ఉన్నారు. అక్కడ తన ఇల్లు పెట్టి చూసుకుంది వరమ్మ. అరుగుతో, వంటసాలతో, దొడ్డితో సహా పెట్టింది. ఓ మూలకు పడింది. ఇంకో ఇల్లు పెట్టింది. లంకలో తమ వాడ ఇళ్ళన్నీ తెచ్చి పెట్టినా ఇంకా చాపలు మిగిలాయి. చిరిగి పారేసినవి కాక ఇవి. ఆ ఇల్లు కట్టడానికి తెచ్చింది రెండు వందలు. ఈ చాపలన్నీ ఇచ్చాక కూడా బాకీ రెండు వందలే.

వరమ్మకు ఏడుపు రాలేదు, ఒళ్ళు మండిపోయింది. శెట్టిగారి మీద తరువాత, ముందు తన మీద. ఎవరడిగారని ఎర్ర అంచు? ఎవరు కొట్టమన్నారని మూడో దెబ్బ? అత్త వేళ్ళు ఆ పందిట్లో పరిచి ఉన్నాయి. రేపు సువర్ణ వేళ్ళు పరుస్తారు. మేజువాణీ చూసేవాళ్ళు వాటి మీద కాళ్ళు చాపుకుని కూర్చుంటారు.

పొద్దు వాలేవేళ ఏసోబు ఆమెను వెతుక్కుంటూ వచ్చాడు. పెంకు బేరం చూసొచ్చానన్నాడు. వరమ్మ అతణ్ణి తడిక దగ్గరకు లాక్కొచ్చి చూడమంది. చూశాడు. బ్రహ్మాండంగా ఉందన్నాడు. అవన్నీ మనవేనంది. మనవేనా అని మురిసిపోయాడు.

ఈ చాపల కోసమే ఆ అప్పు తీరకుండా నడుస్తోందని ఆమె చెప్పింది అతనికి ఎక్కలేదు. వడ్డీ అన్నాక ఇవ్వమా అన్నాడు. ఇవ్వకపోతే ఇల్లు పట్టుకుపోరా అన్నాడు. కాయితం రాయొద్దు, పెంకొద్దు, ఏదో ఒకటి చేసి అసలు తీర్చేద్దామంటే, ఏం పెట్టి తీరుస్తావని అడిగాడు.

"ఇల్లు పోతే మా అమ్మను ఏ చెట్టు కింద పెట్టమంటావే?" అన్నాడు చివరికి. అతని గొంతులో ఉన్నది కోపం కాదు, భయం. పన్నెండేళ్ళుగా ఆ ఇంట్లో వాళ్ళతోపాటు కాపురముంటున్న భయమే.

మర్నాడు ఉదయం శెట్టిగారి కొట్టు అరుగు. శ్రీరాములు శెట్టిగారు మంచి మనిషే. ఎవర్నీ పల్లెత్తు మాట అనడు. విసనకర్ర ఊపుకుంటూ, తన బాకీదార్లలో ఏసోబంత నమ్మకస్తుణ్ణి చూడలేదన్నాడు. ఏసోబు మెట్టు కింద నిలబడి పొంగిపోయాడు. జోగారావు కాయితం చదివాడు. పాతది రెండు వందలు, కొత్తది యాభై, మొత్తం రెండు వందల యాభై. వడ్డీ కింద, చాపకు రూపాయి చొప్పున, నెలకు రెండున్నర చాపలవుతాయి. అర చాప ఎవరూ నెయ్యరు గనుక మూడు. జోగారావు ఏసోబు బొటనవేలు పట్టుకుని సిరా పులిమాడు.

"శెట్టిగారూ, ఒక్క మాట అడగొచ్చాండీ?" అంది వరమ్మ.

"అడుగమ్మా."

"ఇన్నేళ్ళూ ఇచ్చిన చాపల్లో అసలు ఎంత తీరిందండీ?"

శెట్టిగారు పసిపిల్ల అడిగితే చెప్పినట్టు ఓపిగ్గా చెప్పాడు. "అవి వడ్డీ చాపలు కదమ్మా. అసలెక్కడ తీరుతుంది? అసలు ఇచ్చేటట్టయితే మొత్తం ఒక్కసారే ఇవ్వాలని కాయితంలోనే ఉంది."

"ఒక్కసారే ఇచ్చేంత మా దగ్గర ఎప్పటికుంటుందండీ?"

"అందుకేగా మళ్ళీ రాసుకుంటున్నాం."

ఏసోబు ఇక ఆపమన్నట్టు చూశాడు. వరమ్మ అటు చూడలేదు. మెట్టుకు ఇంకాస్త దగ్గరగా జరిగింది.

"మేం చాపలు ఇవ్వలేకపోతేనో?"

"దావా వెయ్యాల్సొస్తుంది. ఇల్లు వేలానికొస్తుంది. నీకెందుకమ్మా ఇవన్నీ?"

"మీరే పాడుకుంటారాండీ?"

శెట్టిగారికి నవ్వొచ్చింది. విసనకర్ర పక్కన పెట్టి మరీ నవ్వాడు. "ఆ నీళ్ళలో కొంప నాకెందుకమ్మా? ఊరికే ఇస్తానన్నా వద్దు. కప్పల్ని కాపురం పెట్టనా అందులో? ఆ ఇల్లు చూసి నేను అప్పివ్వలేదు. మీ అత్త చెయ్యి చూసి ఇచ్చాను. ఆ పనితనం ఇంకెక్కడా లేదు."

జోగారావు కూడా నవ్వాడు. కాయితం ముందుకు జరిపి, ఏసోబు వేలు పట్టుకోబోయాడు. వేలు అందలేదు.

"మా ఇంట్లోకి నీళ్ళు రాలేదండీ" అన్నాడు ఏసోబు.

"ఏమిటీ?"

"పునాది కట్టాక ఒక్క వరదకూ రాలేదండీ. కప్పలు లేవు. లంకంతా వచ్చి మా అరుగు మీద తలదాచుకుంటారు. తమరు ఎప్పుడూ వచ్చి చూళ్ళేదు." పెళ్ళాం రాత్రంతా చెప్పినా తలకెక్కని మాట శెట్టిగారు నవ్వుతూ ఒక్క ముక్కలో చెప్పేశాడు. ఏ ఇల్లు పోతుందని పన్నెండేళ్ళు బిక్కుబిక్కుమంటూ బతికాడో, ఆ ఇల్లు ఈయనకు ఊరికే ఇచ్చినా అక్కర్లేదు.

మాటవరసకన్నానయ్యా అన్నాడు శెట్టిగారు. ఏసోబు బొటనవేలు గుప్పిట్లో ముడిచేసుకున్నాడు. సిరా వేళ్ళసందుల్లోకి పాకింది.

అప్పుడు వరమ్మ బేరం పెట్టింది. పెంకు డబ్బు వద్దు. కొత్త కాయితం వద్దు. ఇకనుంచి ఇచ్చే చాపకు రూపాయి, ఇన్నేళ్ళూ కట్టిన లెక్కే. అది అసలులో తగ్గాలి. కాదంటే దావా వేసుకోవచ్చు, ఇల్లు వేలం పెట్టుకోవచ్చు. శెట్టిగారి నవ్వు ఆగిపోయింది. మాఘం ఇంకా సగం ఉంది, తరవాత ఫాల్గుణం, వైశాఖం, అన్నీ పెళ్ళి నెలలే. పొద్దెక్కేదాకా మాటలు నడిచాయి. వడ్డీ లేకుండా కుదరదని ఆయన, రెండు చాపల వడ్డీ కుదరదని ఈమె. మధ్యలో జోగారావు రెండుసార్లు లేచివెళ్ళి మంచినీళ్ళు తాగొచ్చాడు. ఆఖరుకు తేలిందేమంటే, నెలకు నాలుగు చాపలు, ఒకటి వడ్డీకి, మూడు అసలుకి. పాత కాయితం వెనకాల ఆ మాట రాయించి, జోగారావు చేత రెండుసార్లు చదివించుకుని, దానికింద వేలిముద్ర వేశాడు ఏసోబు.

తిరుగు దారిలో ఏసోబు గడ వేస్తున్నాడు. వరమ్మ లెక్క కట్టుకుంటోంది. సువర్ణ చదువు ముగించి టీచరు ట్రైనింగుకు వెళ్ళే నాటికి ఇల్లు తాకట్టు నుంచి విడిపోతుంది. ఆ ఆలోచన కాస్త చల్లగా తగిలింది గాని, వెంటనే రెండో ఆలోచన వచ్చి పడింది. ఇప్పటిదాకా నెలకు రెండు. ఇక నాలుగు.

ఏసోబు కూడా అక్కడికే వచ్చాడు. "అమ్మ చెయ్యి లేవదు. పుల్ల ఎవరు తోస్తారే మరి?"

"సువర్ణ కాదు" అంది వరమ్మ. అంతకుమించి ఆమెకూ తెలియదు.

సోమవారం బడిగంట కొట్టినప్పుడు వాకిట్లో పడుగు లాగి ఉంది. సువర్ణ రాతపలక పక్కన పెట్టబోయింది. ఏసోబు ఆ పలక తీసి పిల్ల చేతికిచ్చి, వీధి మలుపు దాకా దిగబెట్టి వచ్చాడు. వచ్చి, పంచె మోకాళ్ళ పైకి ఎగగట్టి, తల్లి చోట్లో చతికిలబడ్డాడు.

లంకలో మగవాడు తుంగ కోస్తాడు, మోస్తాడు, అమ్ముతాడు. నేతకు కూర్చోడు. దారినపోయే వీర్రాజు ఆగి, చీర కూడా కట్టుకోకపోయావా ఏసోబూ అన్నాడు. ఏసోబు చెవులు ఎర్రబడ్డాయి, తల ఎత్తలేదు. గడ పట్టిన చేతికి ఆ సన్నటి పుల్ల ఆనడంలేదు. పోచ సగంలో తాళ్ళకు తగులుకుని వంగిపోతోంది. గట్టిగా తోస్తే విరిగిపోతోంది. పుష్పమ్మ గడపలో కూర్చుని, కొడుకు అలా కూర్చోవడం చూడలేక కాసేపు ఏడ్చింది. ఆ తరువాత ఆ తోయడం చూడలేక తిట్టడం మొదలుపెట్టింది. వరమ్మ మాత్రం తప్పుపోయిన వరస ఊడదీసి మళ్ళీ వెయ్యమనేది, అంతే.

బుధవారం సాయంత్రానికి చాప అయింది. ఓ పక్క పొడుగు, ఓ పక్క పొట్టి. మధ్యలో మూడుచోట్ల ఉబ్బులు. ఏసోబు దాన్ని అరుగు మీద పరిచి, అటూ ఇటూ తిరిగి చూశాడు.

"శెట్టిగారు దీన్ని తీసుకుంటారంటావా?"

"తీసుకోరు."

"సంతలోనో?"

"సంతలోనూ కొనరండీ" అంటుంటే వరమ్మకు నవ్వొచ్చింది. ఆ వారమంతటికీ అదే మొదటి నవ్వు. చాప చుట్టి లోపలికి పట్టుకెళ్ళి, అత్త పడుకునే చోట గోనెపట్టా తీసేసి పరిచింది.

ఆ ఇల్లు కట్టిన నాటినుంచీ అందులో కొత్త చాప పరవడం అదే మొదలు. పుష్పమ్మ దాని మీద కూర్చోవడానికి ఒప్పుకోలేదు. మాసిపోతుందంది. పట్టా తెచ్చి మళ్ళీ వెయ్యమంది. ఎవరూ వెయ్యకపోయేసరికి కాసేపు గోడకానుకుని నిలబడి, కాళ్ళు తుడుచుకుని, చాప అంచున ఓ మూలగా కూర్చుంది. కూర్చుని, వంకర తిరిగిన వేళ్ళతో పక్కనున్న ఉబ్బును తడిమి చూస్తూ ఉండిపోయింది.